శశికళ విన్న మాట

పార్సిప్పనీలోని ఆ అపార్ట్‌మెంట్‌లో శశికళ ఎడిటింగ్ గది అంటే నిజానికి బట్టలు పెట్టుకునే క్లాజెట్. ఎడమ పక్క తేజేశ్వర్ షర్టులు, కుడి పక్క ఆమె చీరలు, మధ్యలో మడత బల్ల, దాని మీద రెండు మానిటర్లు. బట్టలు చప్పుడును పీల్చుకుంటాయి కనుక అక్కడ గొంతులు శుభ్రంగా వినపడతాయి. తేజేశ్వర్ పొద్దున్నే కాల్స్‌లో కూర్చునేవాడు. నైనిక స్కూలుకి వెళ్ళేది. శశికళ తలుపు దగ్గరికి వేసుకుని, చనిపోయిన వాళ్ళ కథలకు ముందూ వెనకా సరిచేస్తూ ఉండేది. ఆరేళ్ళుగా అదే పని.

ఆమెది ఖమ్మం. డిగ్రీ అయ్యాక హైదరాబాద్‌లో ఒక న్యూస్ ఛానెల్‌లో చేరి, నేరాల కార్యక్రమానికి ఎడిటర్ అయింది. అక్కడ పని వేగంగా నేర్చుకుంది, వేగంగానే ఒక తప్పూ చేసింది. సూర్యాపేట దగ్గర ఒక స్కూలు టీచరు భార్య హత్యకు గురైంది. అంతిమయాత్రలో ఆ టీచరు ముఖం ఒక్క క్షణం వంకర పోయింది. అది ఏడుపు ఆపుకుంటున్న ముఖం. దాన్ని బాగా స్లో మోషన్‌లో పెడితే నవ్వులా కనపడింది. స్లో చేసింది శశికళే. చుట్టూ ఎర్ర వలయం వేసిందీ ఆమే. వారం తిరక్కుండా అసలు హంతకులు దొరికారు. ఛానెల్ ఆ వార్త చెప్పింది గానీ నవ్వు సంగతి మళ్ళీ ఎత్తలేదు. ఆ టీచరు బదిలీ పెట్టుకుని వెళ్ళిపోయాడని తర్వాత తెలిసింది. ఈ సంగతి శశికళ ఎవరికీ చెప్పలేదు, పెళ్ళయ్యాక తేజేశ్వర్‌కి కూడా.

పెళ్ళి చేసుకుని అమెరికా వచ్చాక చాలా ఏళ్ళు పని చేసే అనుమతి లేదు. అది వచ్చాక మొదట ఎడిసన్ చుట్టుపక్కల తెలుగువాళ్ళ ఓణీల ఫంక్షన్లు, గృహప్రవేశాల వీడియోలు కట్ చేసింది. అలాంటి ఒక వీడియో చూసి మానవ్ ఫోన్ చేశాడు. అతను ఇక్కడే పుట్టి పెరిగినవాడు. తల్లి విజయవాడ మనిషి. నిజ నేరాల మీద డాక్యుమెంటరీలు తీసే చిన్న కంపెనీ నడుపుతున్నాడు. తేలని కేసులు, ఒక్కో ఎపిసోడ్‌కి ఒక్కో చావు. శశికళకి ఆ పని చేతిలో ఉన్నదే.

నిరుడు ఎండాకాలంలో ఆమె దగ్గరికి వచ్చిన కేసు రాకేష్‌ది.

రాకేష్ కరీంనగర్ కుర్రాడు, ఇరవై ఆరేళ్ళు. ఎమ్మెస్ చేసి, డెట్రాయిట్‌కు గంట దూరంలో ఒక చిన్న ఊళ్ళో పెద్దమ్మ కొడుకు ఇంట్లో, కింద బేస్‌మెంట్‌లో ఉండేవాడు. పెద్దమ్మ పేరు రాధారాణి. భర్త పోయాక కొడుకు అనుదీప్ దగ్గరికి వచ్చిన మనిషి. ఒక జనవరిలో అనుదీప్ కుటుంబం పెళ్ళికని ఇండియా వెళ్ళింది. ఇంట్లో పెద్దమ్మ, రాకేష్ ఇద్దరే ఉన్నారు. ఒక సాయంత్రం రాకేష్ కోటు కూడా వేసుకోకుండా మంచులోకి నడిచి వెళ్ళాడు. ఎదురింటి డోర్‌బెల్ కెమెరాలో అతని వీపు కనపడింది. పదకొండు రోజుల తర్వాత కాలనీ వెనక చెరువు గట్టున, మంచు కింద దొరికాడు. తల వెనక దెబ్బ ఉంది, పర్సు లేదు. జారి పడ్డాడా, ఎవరైనా కొట్టారా అన్నది పోస్ట్‌మార్టం తేల్చలేదు. పోలీసులు రాధారాణిని నాలుగు గంటలకు పైగా ప్రశ్నించి వదిలేశారు. ఎవరి మీదా కేసు పెట్టలేదు.

ఆ నాలుగు గంటల వీడియో ఇప్పుడు కంపెనీ చేతికొచ్చింది. బూడిద రంగు గది, ఒక బల్ల, శాలువా కప్పుకున్న పెద్దావిడ, ఎదురుగా పోలీసు అధికారి. బల్ల మీద ఫోన్ స్పీకర్‌లోంచి ఒక తెలుగు దుబాసీ గొంతు. రికార్డింగ్ అధ్వానం, హీటర్ హోరు. అందుకని శశికళ మొదట పోలీసుల ఇంగ్లీషు ట్రాన్‌స్క్రిప్ట్ చదువుకుంది. ముప్పయ్యో పేజీ దగ్గర ఆమె చూపుడు వేలు ఆగింది. 'నేనే చంపాను. నా సొంత చేతులతో.' ఆ పేజీకి సరిపోయే చోటు వీడియోలో వెతికి పట్టుకుంది. రాధారాణి తన రెండు అరచేతులూ చూసుకుంటూ మాట్లాడుతోంది. పెదాలు కదలడం, చేతులు, కింద ఇంగ్లీషు అక్షరాలు, అన్నీ అమిరిపోయాయి. అరచేతుల మీదికి జూమ్ చేసింది. మాట అయిపోయాక రెండు సెకన్లు నల్ల తెర. ఆ తర్వాత సీరీస్ పేరు.

మానవ్ చూసి వెంటనే ఫోన్ చేశాడు. సీరీస్ కొన్న స్ట్రీమింగ్ సంస్థ వాళ్ళు ఒళ్ళు జలదరించిందని రాశారు. ఆ ముక్కనే ట్రైలర్‌కీ ఇచ్చేశారు. ఇన్నేళ్ళలో శశికళ పనిని పేరు పెట్టి మెచ్చుకోవడం అదే మొదటిసారి.

ఆ రోజు నుంచే ఆమెకి కుదురు పోయింది. కారణం ఆమెకే తెలియలేదు. బల్ల దగ్గర కూర్చుంటే లేవాలనిపించేది, లేస్తే మళ్ళీ వెళ్ళి కూర్చోవాలనిపించేది. ఫ్రిజ్ అంతా ఖాళీ చేసి కడిగింది. అపార్ట్‌మెంట్ల చుట్టూ ఉన్న దారిలో మధ్యాహ్నం ఎండలో మూడు రౌండ్లు తిరిగేది. తేజేశ్వర్ అడిగితే, "ఏం లేదు, డెడ్‌లైన్ టెన్షన్," అంది. ఆ కట్ తెరిచి చూసుకునేది. ఎక్కడా లోపం కనపడేది కాదు.

ఆ నెలలో తేజేశ్వర్ తల్లి రాజేశ్వరమ్మ వాళ్ళ దగ్గరే ఉంది. గుడివాడ నుంచి ఆరు నెలలకని వచ్చింది. ఏసీ చలి పడక మధ్యాహ్నాలు కూడా శాలువా కప్పుకునేది. ఒక రోజు ఆ శాలువా కోసం క్లాజెట్ తలుపు తోసింది. శశికళ హెడ్‌ఫోన్స్ ఛార్జి అయిపోయి, స్పీకర్ మీద వింటోంది. శబ్దం శుభ్రం చేసే పని అప్పుడే మొదలుపెట్టి హీటర్ హోరు చాలావరకు తీసేసింది. రాజేశ్వరమ్మ తెర వైపు చూడనే లేదు, హ్యాంగర్లు పక్కకు జరుపుకుంటోంది. స్పీకర్‌లో రాధారాణి గొంతు, "నా చేతులార నేనే సంపుకున్న... నా చేతులార," అంది.

"అయ్యో పాపం," అంది రాజేశ్వరమ్మ. "ఎవరు పోయారమ్మా ఆవిడకి?"

శశికళ వెనక్కి తిరిగింది. "ఎవరో పోయారని మీకెలా తెలిసింది అత్తయ్యా?"

"ఏడుస్తోందిగా."

"ఏడవట్లేదు. చంపానని పోలీసులతో చెప్తోంది."

రాజేశ్వరమ్మ చేతిలో శాలువాతో ఆగిపోయింది. "చంపానని ఎక్కడందీ? చంపుకున్నానంది. మా అక్క మూడోవాడు టైఫాయిడ్‌తో పోతే నెల రోజులు ఇదే మాట. చేతులారా చంపుకున్నాను, ముందే గుంటూరు తీసుకెళ్ళలేదు అని. ఆ మాట అనని తల్లి ఉంటుందా ఎక్కడైనా?"

ఆవిడ శాలువా కప్పుకుని వెళ్ళిపోయింది. శశికళ మానిటర్ కింది భాగానికి ఒక కాగితం అడ్డం పెట్టి, ఇంగ్లీషు కనపడకుండా ఆ ముక్క మళ్ళీ పెట్టింది. అప్పుడు వినపడింది. పుట్టినప్పటి నుంచి వింటున్న మాట. ఖమ్మంలో వాళ్ళ వీధిలో ఎవరింట్లో చావు జరిగినా ఆ మాట వినపడేది. ట్రాన్‌స్క్రిప్ట్ ముందు చదవడంతో తన భాషే తన చెవికి ఎక్కలేదు. కుర్చీలో కూర్చోలేకపోయింది. వంటింట్లోకి వెళ్ళి నీళ్ళు పట్టుకుని, తాగకుండానే గ్లాసు పక్కన పెట్టి, మానవ్‌కి ఫోన్ చేసింది.

మానవ్ మాట్లాడేదంతా ఇంగ్లీషే. మధ్యలో ఎప్పుడైనా నాలుగు తెలుగు ముక్కలు పెడతాడు.

"శశీ, నాకు తెలుగు ఎక్కువ రాదు," అన్నాడు, "కానీ చంపు అంటే కిల్ అని తెలుసు. మా మామ్ డైలీ అనేది, చంపుతా నిన్ను అని."

"మరి చంపిందా?"

అతను నవ్వాడు. వెంటనే నవ్వు ఆపేశాడు. "అది ఇల్లు. ఇది పోలీస్ రూమ్. ట్రాన్‌స్లేట్ చేసింది సర్టిఫైడ్ ఇంటర్‌ప్రెటర్. అది అఫీషియల్ రికార్డ్. మనం ఆవిడే చేసిందని చెప్పట్లేదు, రికార్డ్‌లో ఉన్నది చూపిస్తున్నాం."

"రికార్డే తప్పు."

"ఓకే. ఇంకొకరితో చేయిద్దాం. నువ్వు కాదు. నువ్వే ఎడిటర్, నువ్వే ట్రాన్‌స్లేటర్ అంటే లీగల్ వాళ్ళు ఒప్పుకోరు."

ఆ ముక్క ఒక ఏజెన్సీకి వెళ్ళింది. నాలుగు రోజులకు జవాబు వచ్చింది. 'నా చేతులతో నేనే చంపాను.' మానవ్ దాన్ని ఆమెకి పంపిస్తూ కింద ఏమీ రాయలేదు. శశికళకి కోపం రాలేదు, భయం వేసింది. ఎందుకంటే మాటకు మాట వేసి చూస్తే ఆ అనువాదంలో తప్పు లేదు. నిఘంటువు తెరిచినా అదే చెబుతుంది.

"వదిలేయ్ ఇంక," అన్నాడు తేజేశ్వర్ ఆ సాయంత్రం. "నీ వర్క్ పర్మిట్ రెన్యువల్ ప్రాసెస్‌లో ఉంది. ఎంప్లాయర్‌తో గొడవ పెట్టుకునే టైమ్ కాదు. చెప్పాల్సింది చెప్పావు కదా."

"చెప్పాను. వాళ్ళు నమ్మలేదు."

"ఆవిడ మనకేమీ కాదు శశీ."

శశికళ టేబుల్ మీది కంచాలు తీసింది. కాసేపటికి సింకు దగ్గర నిలబడే, సూర్యాపేట టీచరు సంగతి చెప్పింది, ఎర్ర వలయంతో సహా. తేజేశ్వర్ విన్నాడు. ఇన్నేళ్ళు ఎందుకు చెప్పలేదని అడగలేదు. తడి చేతులతో ఉన్న ఆమెకి టవల్ అందించి, "ఏం చేద్దామనుకుంటున్నావో చెయ్యి," అన్నాడు.

ఆమె చేయగలిగింది ఒకటే. అంతవరకు ఆ వీడియోలో తనకి కావలసిన ముక్కలే చూసింది. ఇప్పుడు మొదటి నుంచి నాలుగు గంటల పది నిమిషాలూ వినాలనుకుంది. కాగితం అడ్డం పెట్టి, ట్రాన్‌స్క్రిప్ట్ మూసేసి, ప్రతి మాటా తనే తెలుగులో రాసుకుంటూ కూర్చుంది. మూడు రోజులు పట్టింది. రాధారాణి చాలా మాట్లాడింది. రాకేష్ పని పోయి రెండు నెలలైందట. ఇంట్లో చెప్పకుండా రోజూ టిఫిన్ డబ్బా పట్టుకుని లైబ్రరీకి వెళ్ళి కూర్చునేవాడట. ఆ రోజు సాయంత్రం అది ఆవిడకి తెలిసింది. "నీ మొకం సూపియ్యకు నాకు అన్న. పోయిండు," అంది రాధారాణి. ఆ తర్వాతే అరచేతులు చూసుకుంది.

పోలీసు అధికారికి రాకేష్ పని పోయిన సంగతి చేరింది, గొడవ చేరింది. "మొకం సూపియ్యకు" అన్న మాట మాత్రం దుబాసీ దగ్గర, 'నిన్ను మళ్ళీ చూడదలచుకోలేదు' అని మారింది. ఆ వరసలో వింటే తర్వాతి మాట ఎలా వినపడుతుందో శశికళకి తెలుసు. ఆమెకీ అలాగే వినపడింది.

రెండు గంటల నలభై ఏడో నిమిషంలో అధికారి రాధారాణి భర్త గురించి అడిగాడు. ఆవిడ శాలువా అంచు మెలిపెడుతూ చెప్పింది. "ఆయన్ని గూడ గిట్లనే సంపుకున్న. కరీంనగర్లనే ఉంచుదామని డాక్టర్లు అన్నరు. నేను ఇనలే. హైదరాబాద్ తీస్కపోదామన్న. తొవ్వలనే పాణం పోయింది."

స్పీకర్‌లో దుబాసీ ఇంగ్లీషులో అన్నాడు, "భర్త అనారోగ్యంతో అంబులెన్స్‌లో చనిపోయారట. తన వల్లే అని ఆమె బాధపడుతోంది."

శశికళ ఆపి, వెనక్కి తిప్పి, మళ్ళీ విన్నది. అదే మనిషి, అదే మాట, అదే దుబాసీ. మొదటిసారి అతను మాటకు మాట చెప్పాడు, ఉద్యోగ నియమం అదే. మూడో గంట ముగియవచ్చే వేళకు అలసిపోయి నియమం మరిచినట్టున్నాడు. అప్పుడు అర్థం చెప్పాడు.

రెండు ముక్కలనూ ఒకదాని పక్కన ఒకటి పెట్టింది. సంగీతం లేదు, జూమ్ లేదు, నల్ల తెర లేదు. నిమిషం కంటే తక్కువ. మర్నాడు మాంట్‌క్లెయిర్‌లోని ఆఫీసుకి డ్రైవ్ చేసుకుని వెళ్ళి మానవ్ ముందు పెట్టింది. డెంటిస్టు క్లినిక్ మీద రెండు గదుల ఆఫీసు అది. మానవ్ నిలబడే చూశాడు. ఒకసారి అయ్యాక మళ్ళీ పెట్టమన్నాడు.

"అంబులెన్స్‌లో చనిపోయిన హజ్బెండ్‌ని కూడా చంపాననే అంటోంది," అన్నాడు నెమ్మదిగా.

"అవును."

"ఇది ట్రాన్‌స్క్రిప్ట్‌లో ఎందుకు లేదు?"

"అక్కడ భర్త జబ్బుతో పోయాడని, తన వల్లే అని బాధపడుతోందని మాత్రమే ఉంది. ఎవరూ విని పోల్చలేదు. నేనూ వినలేదు."

మానవ్ ముఖం తుడుచుకున్నాడు. "ట్రైలర్ వెళ్ళి పన్నెండు రోజులైంది శశీ."

స్ట్రీమింగ్ సంస్థ మొదట ఒప్పుకోలేదు. మొదటి నిమిషం అలాగే ఉంచి, చివర్లో రెండో ముక్క చూపించి సందేహం తీర్చుదామంది. చివరిదాకా చూసేవాళ్ళు సగం మందేనని ఆ సంస్థ లెక్కలే చెబుతాయి. ఆ సంగతి గుర్తుచేసి, అలాగైతే తన పేరు తీసేయమని శశికళ మెయిల్ రాసింది. మానవ్ ఆ మెయిల్‌ని, ఆ రెండు ముక్కల వీడియోని లాయర్లకు పంపాడు. లాయర్లు ఒక్క పూటలో తేల్చారు. అర్థం వేరని తెలిసిన తర్వాత కూడా ఆ మాట వాడితే పరువు నష్టం దావా నిలబడుతుందని చెప్పారు. జాలి, న్యాయం లాంటి మాటలు వాళ్ళ జవాబులో ఎక్కడా లేవు. అయినా పని జరిగింది. ఎపిసోడ్‌లోంచి ఆ మాట తీసేశారు, ట్రైలర్ వెనక్కి తీసుకున్నారు.

కాపీలు మాత్రం నెట్‌లో తిరుగుతూనే ఉన్నాయి. శశికళ రోజుకు నాలుగైదుసార్లు వెతికేది. ఆమె పెట్టిన జూమ్, ఆమె పెట్టిన నల్ల తెర, కింద వందల కామెంట్లు. చూడకుండా ఉండలేకపోయేది, చూశాక ఏ పనీ చేయలేకపోయేది.

కేసుకు సంబంధించిన మనుషులతో సొంతంగా మాట్లాడకూడదని ఆమె కాంట్రాక్టులో ఉంది. తెలిసే అనుదీప్ నంబర్ తీసుకుంది. వాళ్ళ కుటుంబం ఇప్పుడు మిషిగన్‌లోనే నోవైలో ఉంటోంది. ఇండియన్ స్టోర్ పార్కింగ్‌లో కారులో కూర్చుని ఫోన్ చేసింది. ఏ కంపెనీ నుంచో చెప్పగానే అనుదీప్, "మా అమ్మని ఇంకా ఏం చేద్దామని?" అని పెట్టేశాడు.

మర్నాడు నైనిక వయొలిన్ క్లాసు బయట కారులో ఎదురుచూస్తుంటే మిషిగన్ నంబర్ నుంచి ఫోన్ వచ్చింది.

"నిన్న మా కొడుక్కు ఫోన్ చేసింది నువ్వేనా?"

ఆ గొంతు శశికళకి తన ఇంట్లో వాళ్ళ గొంతంత తెలుసు.

"నేనేనమ్మా. నా పేరు శశికళ. ఆ వీడియో కట్ చేసింది నేనే."

"తెలుగోళ్ళేనా?"

"అవునమ్మా. మాది ఖమ్మం."

"ఖమ్మమా. మా ఆడిబిడ్డను ఆడనే ఇచ్చినం." తర్వాత అంది, "గుడిల ఒకామె ఫోన్ల చూపిచ్చింది. నా మొకం కింద ఇంగ్లీషుల ఏదో రాసిన్రు. నాకు చదువ రాదు. ఏం రాసిన్రంటే ఎవ్వరు చెప్తలేరు. ఆఖరికి నా మనవరాలు అనిక చదివి చెప్పింది. పదేండ్ల పిల్ల. నానమ్మా, నువ్వు రాకేష్ బాబాయిని చంపినవా అని అడిగింది."

శశికళ స్టీరింగ్ పట్టుకుని కూర్చుంది.

"నువ్వు తెలుగు పిల్లవు. నా మాట చెవులార ఇన్నవు. ఇనుకుంట ఎట్ల పెట్టినవ్ బిడ్డా అట్ల?"

"ఆ ఇంగ్లీషు రాసింది నేను కాదమ్మా," అంది శశికళ. అక్కడ ఆపితే అది తప్పించుకోవడమే అనిపించింది. "కానీ ముందు అదే చదివాను, అదే నమ్మాను. ఆ తర్వాత మీరు ఏమంటున్నారో సరిగా వినలేదు. మా అత్తగారు విని చెప్పేదాకా నాకు తెలియలేదు. అప్పటికే బయటికి వెళ్ళిపోయింది. తీయించాను. కానీ చూసినవాళ్ళు చూశారు."

"చూసినోళ్ళు మర్చిపోతరా?"

"మర్చిపోరమ్మా."

అవతల ఎవరో తలుపు వేసిన చప్పుడు. రాధారాణి గొంతు తగ్గించింది. "ఆ పోలీసోళ్ళ తాన అంతసేపు మాట్లాడిన. వాని గురించి ఎంత చెప్పిన. మీకు ఆ ఒక్క మాటనే దొరికిందా?"

"మిగతాదీ విన్నాను. మీ కంటి ఆపరేషన్ అప్పుడు రోజుకి నాలుగుసార్లు చుక్కలు వేసేవాడని చెప్పారు. మీ దగ్గర సర్వపిండి నేర్చుకుని, గిన్నెకు మాడ్చి, ఆ గిన్నె రెండు రోజులు దాచిపెట్టాడని చెప్పారు."

"మంచం కింద దాచిండు," అంది రాధారాణి. "అది పెట్టిన్రా?"

"పెట్టలేదు."

"గది పెట్టుండ్రి. వాడు ఎసొంటోడో ఎవరికన్న తెల్వాలె." ఆ వెంటనే, "ఇగ ఫోన్ చెయ్యకు బిడ్డా. నా కొడుక్కు ఇష్టం లేదు," అని పెట్టేసింది. క్షమించానని అనలేదు. శశికళ ఆ మాట ఆశించే ధైర్యం కూడా చేయలేదు.

ఆమె మానవ్‌కి ఫోన్ సంగతి దాచకుండా చెప్పింది. అతను, "నాకు చెప్పకుండా ఉండాల్సింది," అన్నాడు. కానీ గిన్నె ముక్క పెట్టడానికి ఒప్పుకున్నాడు. సబ్‌టైటిల్ ఈసారి శశికళే రాసింది. ఒక్కో పదానికి గంటలు పట్టింది. సర్వపిండిని ఇంగ్లీషు చేయకుండా అలాగే ఉంచింది. స్ట్రీమింగ్ సంస్థ కథ నెమ్మదిస్తోందని రెండుసార్లు తీయమంది, మానవ్ రెండుసార్లూ ఆపాడు. చివరికి ముప్పై ఎనిమిది సెకన్లు మిగిలింది, ఎపిసోడ్ మధ్యలో. ఆ ముప్పై ఎనిమిది సెకన్లలో రాధారాణి ఒకసారి చిన్నగా నవ్వుతుంది కూడా.

ఎపిసోడ్ అక్టోబర్‌లో వచ్చింది. రాకేష్ ఎలా చనిపోయాడో ఇప్పటికీ తేలలేదు. అనుదీప్ రాసిన ఉత్తరానికి కంపెనీ ఒక పేరా క్షమాపణ పంపింది. అందులో 'అనువాద లోపం' అన్న మాట ఉంది, ఎవరి లోపమో లేదు. రెండో సీజన్‌కి ఎడిటర్లను పిలిచినప్పుడు శశికళని పిలవలేదు. మానవ్ ఒకరోజు ఫోన్ చేసి, కాంట్రాక్టు ఉల్లంఘన సంగతి స్ట్రీమింగ్ సంస్థ వాళ్ళకు తెలిసిందని, తను ఏమీ చేయలేకపోయానని చెప్పాడు. ఆమె సరేనంది. రెండు వారాలు ఇంట్లో ఊరికే తిరిగింది. క్లాజెట్‌లోంచి మానిటర్ ఒకటి తీసి, మళ్ళీ పెట్టి, మళ్ళీ తీసింది.

తర్వాత కోర్టు దుబాసీ పరీక్షకు కట్టింది. తెలుగువాళ్ళ కేసుల్లో కోర్టు పిలిస్తే వెళ్ళి మాట్లాడే పని అది. రాత పరీక్ష సులువుగానే పాసైంది. మౌఖికంలో పోయింది. సాక్షి అన్న మాట ఒకటైతే ఆమె దానికి వివరణ కూడా కలిపి చెప్పిందని మార్కులు తగ్గించారు. అన్నది అన్నట్టు చెప్పాలి. అర్థం మారిపోతుందనిపిస్తే జడ్జి అనుమతి అడిగి, అప్పుడు మాత్రమే విడిగా చెప్పాలి. అనుమతి అడగవచ్చన్న సంగతి ఆమెకి ఆ రోజే తెలిసింది. ఆ ఫోన్‌లోని దుబాసీ ఎందుకు అడగలేదో, అడగవచ్చని అతనికి ఎవరైనా చెప్పారో లేదో, ఇంటికి వచ్చే దారంతా అదే ఆలోచించింది.

మార్చిలో మళ్ళీ పరీక్ష ఉంది. ఈలోగా శని, ఆదివారాలు ఇంట్లో అభ్యాసం సాగుతోంది. నైనిక లాయరు. ఫోన్‌లో, గుడివాడ నుంచి, రాజేశ్వరమ్మ సాక్షి. మధ్యలో శశికళ. కూర్చుని చేయాల్సిన పనే గానీ ఆమె హాల్లో అటూ ఇటూ నడుస్తూనే చేస్తుంది.

మొన్న ఆదివారం నైనిక కాగితం చూసి ఇంగ్లీషులో అడిగింది, ఆ రోజు సాయంత్రం మీరు ఎక్కడ ఉన్నారని. శశికళ దాన్ని తెలుగులో చెప్పింది. రాజేశ్వరమ్మ ఆ సాయంత్రం తను పక్కింటికి పచ్చడి ఇవ్వడానికి వెళ్ళడం, వాళ్ళ కోడలు తలుపు తీయకపోవడం, ఆ కోడలి పుట్టింటి వాళ్ళ సంగతులు, అన్నీ వరసగా చెప్పుకొచ్చింది. శశికళ నోట్‌బుక్‌లో గబగబా గుర్తులు వేసుకుని, ఒక్కటీ వదలకుండా, ఒక్కటీ కలపకుండా ఇంగ్లీషులో అప్పజెప్పింది.

"అమ్మా, యూ మిస్డ్ ద పచ్చడి," అంది నైనిక.

"మిస్ అవ్వలేదు, పికిల్ అన్నాను కదా."

"పచ్చడి, పికిల్, సేమ్ కాదు కదా అమ్మా?"

శశికళ నడక ఆపింది. "అనుమతి అడగాలి," అని తనలో తను అనుకుని, కూతురి వైపు తిరిగి ఇంగ్లీషులో, ఒక మాటకు వివరణ ఇవ్వడానికి దుబాసీ కోర్టువారి అనుమతి కోరుతోంది అంది.

నైనిక కాస్త ఆలోచించి, "గ్రాంటెడ్," అంది.

"ఇంతకీ నేను ముద్దాయినా, సాక్షినా?" అని ఫోన్‌లోంచి రాజేశ్వరమ్మ అడిగింది.

"సాక్షి నానమ్మా," అని నైనిక కాగితం తిప్పి, తర్వాతి ప్రశ్న చదవడం మొదలుపెట్టింది.